సొంత అథారిటీతో ట్రక్కు నడపబోయేవారు క్లియరింగ్‌హౌస్‌లో నమోదు కావడం ఎలా?

టెక్సస్‌లో క్లాస్ ఏ సీడీఎల్ (భారీ వాణిజ్య వాహనాలు నడిపే లైసెన్సు) తీసుకొని, సొంత యూఎస్‌డాట్ నంబరుతో (రవాణా సంస్థలకు కేంద్ర రవాణా శాఖ ఇచ్చే గుర్తింపు నంబరు) ఒక ట్రక్కు తిప్పబోతున్న మీరు అడిగినవి నాలుగు సంగతులు. డ్రైవర్ల మత్తుమందు, మద్యం టెస్టుల ఉల్లంఘనలు నమోదయ్యే డ్రగ్ అండ్ ఆల్కహాల్ క్లియరింగ్‌హౌస్‌లో డ్రైవర్‌గా నమోదు కావాలా, ఎంప్లాయర్‌గా నమోదు కావాలా అన్నది మొదటిది. సైటు మీ లైసెన్సు వివరాలను ఎందుకు ఒప్పుకోవడం లేదన్నది రెండవది. చిన్న కంపెనీల తరఫున ఈ టెస్టులు నిర్వహించే కన్సార్షియంలో చేరిపోయారు కనుక మిగతాదంతా వారే చూసుకుంటారా అన్నది మూడవది. నిరుడు ఇంకో కంపెనీలో ర్యాండమ్ టెస్టుకు పిలిస్తే వెళ్లకుండా ఉద్యోగం మానేసిన మీ బావమరిదిని రెండో డ్రైవర్‌గా పెట్టుకోవచ్చా అన్నది నాలుగవది. చిన్న ట్రక్కింగ్ కంపెనీల కాగితాలు చాలాకాలంగా చూస్తున్నవాడిగా చెబుతున్నాను: మొదటి మూడూ ఒక పూట కూర్చుంటే తేలిపోయేవి, నాలుగవది మాత్రం అంత తేలికగా తేలేది కాదు.

ముందు ఈ క్లియరింగ్‌హౌస్ ఎందుకు పుట్టిందో తెలిస్తే దాని నిబంధనలు అర్థమవుతాయి. ఒక కంపెనీలో టెస్టు పాజిటివ్ వచ్చిన డ్రైవర్ ఆ కంపెనీ పేరును తన దరఖాస్తులో రాయకుండా ఇంకో రాష్ట్రంలో ఇంకో కంపెనీలో చేరిపోతే, కొత్త యజమానికి ఆ విషయం తెలిసే దారి ఒకప్పుడు దాదాపు లేదు. ఆ సందు మూయడానికి 2012లో అమెరికన్ కాంగ్రెస్ చేసిన చట్టం మేరకు, ఎఫ్‌ఎంసీఎస్‌ఏ అని అందరం పిలిచే ఫెడరల్ మోటార్ క్యారియర్ సేఫ్టీ అడ్మినిస్ట్రేషన్ ఈ డేటాబేస్‌ను తయారుచేసి 2020 జనవరి 6 నుంచి అమలులో పెట్టింది. సీడీఎల్ అవసరమైన వాహనాలు, అంటే 26,001 పౌండ్లు, ఆపై రేటింగ్ ఉన్నవి, డ్రైవర్‌తో కలిపి 16 మంది లేదా అంతకంటే ఎక్కువమంది కూర్చునేవి, ప్లకార్డు పెట్టాల్సినంత ప్రమాదకర సరుకు మోసేవి నడిపేవారందరికీ ఇది వర్తిస్తుంది. ఒక్క ట్రక్కే కదా, నడిపేది నేనే కదా అన్న వాదన ఇక్కడ చెల్లదు.

మీ మొదటి ప్రశ్నకు జవాబు మీరు ఎవరి నంబరు మీద నడుపుతారన్న దానిపై ఆధారపడి ఉంటుంది. ట్రక్కు మీదే అయినా, దానిని వేరే క్యారియర్‌కు, అంటే రవాణా కంపెనీకి, లీజుకిచ్చి, వారి యూఎస్‌డాట్ నంబరు తలుపు మీద వేసుకొని నడిపితే, నిబంధనల దృష్టిలో మీరు వారి డ్రైవరే. అప్పుడు డ్రైవర్‌గా నమోదైతే సరిపోతుంది, క్వెరీలు చేసే, అంటే డ్రైవర్ పేరు మీద ఉల్లంఘనలున్నాయేమో ఆ డేటాబేస్‌లో వెతికే, బాధ్యత ఆ క్యారియర్‌ది. మీరు సొంత నంబరు తీసుకున్నానని రాశారు కాబట్టి మీరు ఒకేసారి యజమాని, ఉద్యోగి కూడా. నమోదులో ఎంప్లాయర్ పాత్రను ఎంచుకొని, అందులోనే ఓనర్-ఆపరేటర్‌నని తెలియజేసి, మీ సీడీఎల్ వివరాలు ఇవ్వాలి. ఒకే ఖాతాలో రెండు పాత్రలూ సాగుతాయి. మనవాళ్లు చాలామంది సీడీఎల్ చేతికి రాగానే డ్రైవర్‌గా నమోదై, పచ్చటి టిక్ చూసి పని అయిపోయిందనుకుంటారు. ఎంప్లాయర్ వైపు ఖాతా లేకపోతే క్వెరీ కొనడానికి వీలుండదు, కన్సార్షియాన్ని నియమించడానికీ వీలుండదు. ఆడిట్ వచ్చిన రోజున గానీ ఆ లోటు బయటపడదు.

నమోదుకు ఒక్క డాలర్ కూడా అక్కర్లేదు. ఈ మాట గట్టిగా చెప్పడానికి కారణం ఉంది. కొత్త యూఎస్‌డాట్ నంబరు వచ్చిన రోజు నుంచే మీ ఫోను మోగుతూ ఉంటుంది, ఎందుకంటే ఆ నంబరుతో పాటు మీ ఫోను, చిరునామా బహిరంగ రికార్డులోకి వెళతాయి. మీ నమోదు గడువు ఈరోజుతో ముగుస్తుందనీ, వెంటనే కార్డు నంబరు చెప్పకపోతే మీ అథారిటీ (సరుకు రవాణా చేసే అనుమతి) రద్దవుతుందనీ ప్రభుత్వ అధికారి గొంతుతో మాట్లాడేవారు మీకూ తగిలారని రాశారు. వారు ప్రైవేటు సర్వీసులవారు, కొందరైతే వట్టి మోసగాళ్లు. క్లియరింగ్‌హౌస్ చిరునామా డాట్ గవ్‌తో ముగిసే ఎఫ్‌ఎంసీఎస్‌ఏ సైటులోనే ఉంటుంది, అందులోకి వెళ్లే దారి లాగిన్ డాట్ గవ్ ఒక్కటే.

ఆ లాగిన్ డాట్ గవ్ ఖాతాను మీ సొంత ఈమెయిలుతో, మీ సొంత ఫోను నంబరుతో తెరవండి. మీకు లోడ్లు చూసిపెట్టే డిస్పాచర్ మంచివాడే కావచ్చు, ఇంగ్లీషు ఫారాలు నింపడంలో మీకంటే చురుకైనవాడే కావచ్చు, కానీ అతని ఫోను నంబరుతో ఖాతా తెరిస్తే ప్రతిసారీ ఓటీపీ అతనికే వెళుతుంది. అతనితో చెడిన మర్నాడు మీ ఖాతాలోకి మీరే వెళ్లలేరు. భార్యాభర్తలు ఒకే ఈమెయిలు వాడుకోవడం కూడా మన ఇళ్లలో మామూలే, ఇక్కడ దానివల్ల చిక్కే. రెండో అంచె ధ్రువీకరణకు కనీసం రెండు పద్ధతులు పెట్టుకోండి: ఒకటి ఫోను సందేశం, రెండవది అథెంటికేటర్ యాప్ గానీ, వారిచ్చే బ్యాకప్ కోడ్‌లు గానీ. ఉన్న ఒక్క పద్ధతీ పోతే, ఖాతాను తీసేసి మళ్లీ మొదటి నుంచి తెరవాల్సి వస్తుంది. ఆ కోడ్‌ల కాగితాన్ని ఫోనులో ఫొటో తీసి దాచుకుంటే ప్రయోజనం లేదు, పోయేది ఫోనే కనుక. ఇంట్లో రిజిస్ట్రేషన్ కాగితాలున్న ఫైలులో పెట్టండి.

ఇక మీ లైసెన్సును సైటు ఒప్పుకోకపోవడం. మీరిచ్చే పేరు, పుట్టిన తేదీ, సీడీఎల్ నంబరు, లైసెన్సు ఇచ్చిన రాష్ట్రం అన్నవాటిని సైటు రాష్ట్రాల లైసెన్సు రికార్డులతో పోల్చి చూస్తుంది. మన పేర్లతో తరచుగా వచ్చే ఇబ్బంది ఇక్కడే. పాస్‌పోర్టులో ఇంటిపేరు గడి ఖాళీగా ఉండి, పేరంతా ఒకే గడిలో ఉన్నవారికి అమెరికా కాగితాలలో ఆ పేరంతా ఇంటిపేరు గడిలోకి వెళ్లి, మొదటి పేరు స్థానంలో ఎఫ్‌ఎన్‌యూ (మొదటి పేరు తెలియదు అని అర్థం) అనే మూడక్షరాలు పడతాయి. ఇంకొందరికి వేంకట, సాయి, సత్య వంటివి మధ్య పేరులోకి జారిపోతాయి. మీరు ఇంట్లో, ఆఫీసులో వాడే పేరు ఏదైనా సరే, కార్డు మీద ఏ గడిలో ఏది ఉందో అదే గడిలో అదే రాయాలి. ఎఫ్‌ఎన్‌యూ అని ఉంటే అలాగే. ఖాళీలు, చిన్న గీతలు కార్డు మీద ఎలా ఉన్నాయో సరిచూడండి. తేదీ విషయంలో నెల ముందు, రోజు తర్వాత అని తెలిసినా మన చేయి అలవాటుగా రోజునే ముందు వేస్తుంది. ఇవన్నీ సరిగా ఉన్నా ఒప్పుకోకపోతే, మీ రాష్ట్ర లైసెన్సు కార్యాలయంలోని రికార్డులో పేరు ఎలా ఉందో కనుక్కోండి. కార్డు మీద ఒకలా, రికార్డులో ఒకలా ఉన్న సందర్భాలు నేను చూశాను. అప్పుడు సరిదిద్దాల్సింది క్లియరింగ్‌హౌస్‌ను కాదు, లైసెన్సును. రేపు కాలిఫోర్నియాకో జార్జియాకో మారి అక్కడి సీడీఎల్ తీసుకుంటే, ప్రొఫైలులో కొత్త నంబరు మార్చుకోవడం మరవకండి.

నమోదులో సమాచారం ఈమెయిలుకు పంపాలా, తపాలాలో పంపాలా అని అడుగుతుంది. ఈమెయిలే ఎంచుకోండి. తపాలా ఎంచుకున్న డ్రైవర్‌కు క్వెరీకి కన్సెంట్ (సమ్మతి) కోరే ఉత్తరం ఇంటికి చేరేసరికి అతను మూడు రాష్ట్రాలవతల ట్రక్ స్టాపులో ఉంటాడు, అక్కడ లోడు ఆగిపోతుంది.

మూడవ ప్రశ్నకు వస్తే, కన్సార్షియం అన్నీ చూసుకోదు, చూసుకోలేదు కూడా. తనను తానే డ్రైవర్‌గా పెట్టుకున్న యజమాని కన్సార్షియం లేదా థర్డ్ పార్టీ అడ్మినిస్ట్రేటర్‌ను తప్పనిసరిగా నియమించుకోవాలని నిబంధన చెబుతోంది. తన ర్యాండమ్ టెస్టుకు తానే చీటీ తీసుకొని, తన ఉల్లంఘనను తానే నివేదించుకోవడం కుదరదు గనుక ఆ ఏర్పాటు. మీరు వారికి డబ్బు కట్టి, ఎన్‌రోల్‌మెంట్ సర్టిఫికెట్ తెచ్చుకున్నారు. మంచిదే. కానీ క్లియరింగ్‌హౌస్‌లోకి మీరు లాగిన్ అయి, డ్యాష్‌బోర్డులో వారి పేరును వెతికి, ఏయే పనులు వారికి అప్పగిస్తున్నారో గుర్తుపెట్టేదాకా ఆ సైటుకు సంబంధించినంత వరకు వారెవరో, మీరెవరో. అలాగే క్వెరీలను మీ తరఫున వారు చేయగలరు గానీ, క్వెరీ ప్లాన్‌ను మాత్రం మీరే కొనాలి, వారు కొని పెట్టడానికి అనుమతి లేదు. ఒక్కో క్వెరీ ధర 1.25 డాలర్లు, వివరాలన్నీ చూపే ఫుల్ అయినా, సమాచారం ఉందో లేదో మాత్రమే చెప్పే లిమిటెడ్ అయినా అంతే. కొన్న క్వెరీలకు గడువు లేదు కాబట్టి నాలుగో ఐదో కొని ఉంచుకుంటే కొన్నాళ్లు మళ్లీ ఆ వైపు చూడనక్కర్లేదు. 24,500 డాలర్లకు ఏడాదంతా అపరిమితంగా వాడుకునే ప్లాన్ ఒకటి కనిపిస్తుంది, అది వేలమంది డ్రైవర్లున్న కంపెనీల కోసం.

ఈ వరుసను పాటించండి: కన్సార్షియంలో చేరిక, ప్రీ-ఎంప్లాయ్‌మెంట్ డ్రగ్ టెస్టు నెగటివ్ ఫలితం చేతికి రావడం, క్లియరింగ్‌హౌస్ నమోదు, సైటులో కన్సార్షియం నియామకం, క్వెరీ ప్లాన్, మీ మీద మీరే ఫుల్ క్వెరీ, ఆ క్వెరీకి డ్రైవర్‌గా మీరే కన్సెంట్, ఆ తర్వాతే మొదటి లోడు. నా మీద నేను క్వెరీ ఏమిటని నవ్వుకునేవారున్నారు. నవ్వదగ్గ విషయమే, అయినా నిబంధనకు హాస్యం తెలియదు. ఆ తర్వాత కూడా 12 నెలలలోపు ఒక్కసారైనా క్వెరీ చేస్తూ ఉండాలి. తోటి డ్రైవర్లకు ఏటా లిమిటెడ్ సరిపోతుంది, దానికి సైటు బయట కాగితం మీద తీసుకున్న సమ్మతి చాలు. మీ విషయంలో మాత్రం ఫుల్ చేసుకోవడమే సులువని నా అభిప్రాయం, ధర ఒకటే, కాగితం దాచే పని ఉండదు. కొత్త క్యారియర్ మీద 18 నెలల పర్యవేక్షణ ఉంటుంది, మొదటి 12 నెలలలోపు సేఫ్టీ ఆడిట్ జరుగుతుంది. డ్రగ్, ఆల్కహాల్ టెస్టింగ్ కార్యక్రమం లేకపోవడం, ర్యాండమ్ టెస్టింగ్ లేకపోవడం అన్నవి ఆ ఆడిట్‌లో మిగతావి ఎంత బాగున్నా ఫెయిల్ చేసే కారణాలు. ఆడిటర్ అడిగేది క్వెరీ హిస్టరీ పేజీ. అందులో తేదీ మీ మొదటి లోడు తేదీకి ముందుందా, తర్వాతుందా అన్నదే చూస్తారు.

రెండో డ్రైవర్‌ను పెట్టుకున్న రోజు నుంచి మరికొన్ని పనులు తోడవుతాయి. టెస్టింగ్ విధానం గురించి అతనికిచ్చే కాగితంలో క్లియరింగ్‌హౌస్‌కు ఏమేమి నివేదిస్తారో రాసి ఉండాలి. అనుమానం మీద టెస్టుకు పంపే అధికారం మీది అవుతుంది కనుక, మద్యం గురించి 60 నిమిషాలు, డ్రగ్స్ గురించి మరో 60 నిమిషాలు సూపర్‌వైజర్ శిక్షణ మీరు తీసుకోవాలి. ఒంటరిగా నడిపినన్నాళ్లూ ఇది మీకు అక్కర్లేదు. అతన్ని ట్రక్కు ఎక్కించడానికి ముందు ఫుల్ క్వెరీ చేయాలి, దానికి అతను తన ఖాతాలోకి వెళ్లి స్వయంగా కన్సెంట్ ఇవ్వాలి. అతను ఇంకా నమోదు కాకపోతే లైసెన్సు రికార్డులోని చిరునామాకు ఉత్తరం వెళుతుంది, దానికోసం ఎదురుచూడకుండా ముందే నమోదు చేయించండి. తర్వాతి ఏళ్లలో లిమిటెడ్ క్వెరీలో ఏదో సమాచారం ఉందని వస్తే 24 గంటలలోపు ఫుల్ క్వెరీ చేయాలి, కుదరకపోతే అతన్ని స్టీరింగ్ ముందు నుంచి దింపాలి.

ఇప్పుడు మీ బావమరిది సంగతి. మీరు రాసిన దానిని బట్టి, కంపెనీ అతన్ని ర్యాండమ్ టెస్టుకు వెళ్లమని చెప్పింది, అతను వెళ్లకుండా మర్నాడు రాజీనామా పంపాడు. తాగలేదు, ఏమీ వాడలేదు, కోపంతో మానేశాడు అంటున్నారు. నేను నమ్ముతాను, కానీ నిబంధనకు అది ప్రశ్న కాదు. పనిలో ఉన్న డ్రైవర్ చెప్పిన తర్వాత సహేతుకమైన సమయంలో టెస్టు చోటికి వెళ్లకపోతే అది నిరాకరణ, నిరాకరణ పాజిటివ్‌తో సమానం. ఉద్యోగంలో చేరకముందు చేసే టెస్టుకు వెళ్లకపోవడానికీ దీనికీ తేడా ఉంది: అక్కడ టెస్టు మొదలు కాకముందు వెనుదిరిగితే నిరాకరణ కాదు, ర్యాండమ్‌లో ఆ వెసులుబాటు లేదు. ఇలాంటి నిరాకరణను యజమాని తనకు తెలిసిన తర్వాత 3 పనిదినాలలోపు క్లియరింగ్‌హౌస్‌కు నివేదించాలి. నివేదించారో లేదో ఊహించనక్కర్లేదు, అతను తన ఖాతా తెరిచి చూసుకుంటే తెలుస్తుంది, దానికి డబ్బు లేదు. మీరు క్వెరీ చేయడానికంటే ముందు అతన్నే చూడమనండి. కుటుంబంలో అది మర్యాద కూడా.

అతని ఖాతాలో ప్రొహిబిటెడ్ (నడపడానికి నిషేధం) అని కనిపిస్తే ముందు నివేదికను పరిశీలించాలి. టెస్టుకు రాలేదని నివేదించే యజమాని, టెస్టుకు వెళ్లమని డ్రైవర్‌కు చెప్పినట్టు, అతను రానట్టు ఆధారాలు జతచేయాలి, ఆ ఆధారాలన్నీ డ్రైవర్‌కు కూడా పంపినట్టు చూపాలి. అవి లేకుండా పెట్టిన నివేదికను తొలగించమని డేటాక్యూస్ అనే వ్యవస్థ ద్వారా అర్జీ పెట్టుకోవచ్చు. నేను తాగలేదు కాబట్టి తీసేయండి అన్న వాదనకు మాత్రం అక్కడ చోటు లేదు. టెస్టు ఫలితం తప్పా ఒప్పా అన్నది ఆ అర్జీలో చర్చకు రాదు, నమోదైన సమాచారం నిబంధన ప్రకారం, వివరాలు సరిగా ఉన్నాయా అన్నదే వస్తుంది.

నివేదిక సక్రమంగానే ఉంటే దారి ఒక్కటే. అతను ఖాతాలో ఒక సబ్‌స్టెన్స్ అబ్యూజ్ ప్రొఫెషనల్‌ను (మత్తు వాడకం విషయాల నిపుణుడిని) ఎంచుకోవాలి, ఆయన పరిశీలించి విద్యో చికిత్సో సూచిస్తారు, అది పూర్తయ్యాక మళ్లీ చూసి, టెస్టుకు అర్హుడని నమోదు చేస్తారు. ఆ తర్వాత రిటర్న్-టు-డ్యూటీ టెస్టు చేయించాల్సింది యజమాని. మీరు పెట్టుకోదలిస్తే అది మీరే చేయించవచ్చు. తిరిగి పనిలోకి రావడానికి చేసే ఆ టెస్టు నేరుగా మనిషి చూస్తుండగా జరుగుతుంది, ముందే చెప్పి పంపండి, లేకపోతే అక్కడ అవమానంగా తోచి వెనక్కి వచ్చేస్తే రెండో నిరాకరణ అవుతుంది. నెగటివ్ ఫలితాన్ని మీరు నివేదించిన తర్వాత అతని స్థితి మారుతుంది. అప్పటి నుంచి మొదటి 12 నెలలలో కనీసం 6 సార్లు, ముందు చెప్పకుండా, ఫాలో-అప్ టెస్టులు చేయించాలి. ఆ ప్రొఫెషనల్ అవసరమనుకుంటే ఈ టెస్టులు 60 నెలల దాకా సాగవచ్చు. వాటి తేదీలను అతనికి చెప్పకూడదు, బావమరిది అయినా సరే. ఇంట్లో భోజనాల దగ్గర ఈ రహస్యం నిలుస్తుందా అన్నది మీరు ముందే ఆలోచించుకోవాలి. ఈ ఖర్చులు ఎవరు పెట్టుకోవాలన్నది ఫెడరల్ నిబంధన చెప్పదు, మీరిద్దరూ కాగితం మీద రాసుకోవడం మేలు. ఆ ఉల్లంఘన నమోదు 5 ఏళ్లపాటు గానీ, ఫాలో-అప్ ప్రణాళిక ముగిసేదాకా గానీ, ఏది ఆలస్యమైతే అంతవరకు క్లియరింగ్‌హౌస్‌లో కనిపిస్తూ ఉంటుంది.

ఇంకొక విషయం అతని లైసెన్సుది. 2024 నవంబర్ 18 నుంచి ప్రొహిబిటెడ్ స్థితిలో ఉన్నవారి సీడీఎల్‌ను రాష్ట్రాలు 60 రోజులలోపు తగ్గించాలి, అంటే వాణిజ్య వాహనాలు నడిపే హక్కు తీసేసి మామూలు లైసెన్సుగా మార్చాలి. అతని చేతిలో కార్డు ఇంకా సీడీఎల్‌గానే కనిపించవచ్చు, రికార్డులో కాకపోవచ్చు. రిటర్న్-టు-డ్యూటీ పూర్తయ్యాక తిరిగి తెచ్చుకునే పద్ధతి రాష్ట్రాన్ని బట్టి మారుతుంది, టెక్సస్‌లో డిపార్ట్‌మెంట్ ఆఫ్ పబ్లిక్ సేఫ్టీని అడగాలి.

ఈలోపు అతనికి పని చూపించాలన్నది మీ ఉద్దేశమైతే, ఈ నిషేధం సీడీఎల్ అవసరమైన వాహనాలకే పరిమితం కాదని గుర్తుంచుకోండి, రాష్ట్రాల మధ్య వ్యాపారంలో తిరిగే 10,001 పౌండ్లు, ఆపై రేటింగ్ ఉన్న వాహనాలకూ వర్తిస్తుంది. చెల్లే మామూలు లైసెన్సు ఉంటే, ప్లకార్డు అక్కర్లేని సరుకుతో 10,000 పౌండ్ల రేటింగ్ మించని చిన్న ట్రక్కును అతను నడపడానికి క్లియరింగ్‌హౌస్ అడ్డు రాదు. కాకపోతే ఆ ట్రక్కును మీ ఇన్సూరెన్సులో చేర్చేటప్పుడు డ్రైవర్‌గా అతని పేరు ఒప్పుకుంటారో లేదో మీ ఏజెంటు చేత రాతపూర్వకంగా చెప్పించుకొని, ఆ తర్వాతే ట్రక్కు బేరం కుదుర్చుకోండి.